బండి మెరుగు: నాటి రథము మొదలు నేటి మోటారు వరకు



నేడు నేను ప్రస్తావింపబోవు విషయము మోటారుబండిని లోపలను వెలుపలను శుభ్రపరచి మెరుగుపెట్టు విద్య. దీనినే పట్టణములందు డీటెయిలింగు అనుచున్నారు. బండి కడుగుట కూడ ఒక విద్యయా యని మీలో కొందరు నవ్వవచ్చును. నేనును ఒకప్పుడు నవ్వినవాడనే. ఆ నవ్వు ఎట్లు మానితినో ముందుగా మనవి చేసి, పిదప చరిత్రలోనికి పోయెదను.

నేను ఉద్యోగము విరమించిన పిమ్మట మా కుమారుడు నల్లని కారు నొకదానిని కొని పండుగకు ఇంటికి వచ్చెను. రాత్రి దానిని వాకిటి వేపచెట్టు క్రింద నిలిపెను. తెల్లవారుసరికి ముందుభాగపు రేకుపై కాకిరెట్టలు ఎండి అంటుకొని యుండెను. అతడు నిద్ర లేవకమునుపే వానిని పోగొట్టవలెనని తలచి, మా తల్లిగారు ఇత్తడి బిందెలు తోమిన పద్ధతిని జ్ఞప్తికి తెచ్చుకొని, జల్లించిన బూడిదయు కొబ్బరిపీచును తీసికొని బలముకొలది తోమితిని. రెట్టలు పోయెను. నీరు పోయగా రేకు నిగనిగలాడెను. మిక్కిలి సంతోషించితిని. ఆరిన తరువాత ఎండలో చూతును గదా, రేకంతయు సాలెగూటివలె వలయములు వలయములుగా గీతలు!

కుమారుడు నన్ను ఒక్క మాటయు అనలేదు. దాపున నున్న పట్టణమున ఇట్టి పని చేయు దుకాణ మొకటి కలదని విని బండిని అచ్చటికి తీసికొనిపోయితిమి. దుకాణపు యజమాని నన్ను చూచి చేతులు తుడుచుకొని వచ్చి పాదములకు నమస్కరించెను. అతడు నా శిష్యుడు. తొమ్మిదవ తరగతిలో విభక్తులు అప్పగింపలేక తడబడుచుండగా, “నీవు కడకు బండ్లు కడుగుకొని బ్రతుకుదువు పో” యని పదుగురిలో నేను తిట్టిన బాలుడతడే. ఆ మాట అతనికి జ్ఞాపకమున్నదో లేదో నాకప్పుడు తెలియదు. నాకు మాత్రము వెంటనే జ్ఞాపకము వచ్చినది.

అతడు ఒక దీపమును రేకునకు ఏటవాలుగా పట్టి చూచి, “మాష్టారూ, ఇత్తడి బిందె దళసరిదండీ, ఏళ్ల తరబడి తోమినా తట్టుకుంటుంది. దీని పైపూత కాగితంలో సగం మందం కూడా ఉండదు” అనెను.

ఆ మాట వినినది మొదలు, కాగితములో సగమంత పూతను కాపాడుటకు మనుష్యుడు ఎన్నియేండ్లు శ్రమపడెనో తెలిసికొనవలెనను కోరిక నాకు కలిగెను. తెలిసికొన్నంతవరకు మీకు విన్నవించెదను.

వాహనమును అలంకరించి సంరక్షించుట క్రొత్త సంగతి కాదు. పాణిని తన అష్టాధ్యాయి నాలుగవ అధ్యాయమున, రథమునకు కప్పిన వస్తువును బట్టి ఆ రథమునకు పేరు వచ్చు విధమును సూత్రించెను. తెల్లని కంబళి కప్పిన రథము పాండుకంబలి. చిరుతతోలు కప్పినది ద్వైపము. పులితోలు కప్పినది వైయాఘ్రము. అమరసింహుడును ఈ పదములను తన కోశమున చేర్చెను. బాల్యమున అమరము వల్లించునపుడు ఇవి నాకు వట్టి పదములుగానే తోచినవి. వ్యాకరణకర్త పనిగట్టుకొని సూత్రము చేసెనన్నచో ఆ మాటలు జనుల వాడుకలో ఉండియుండవలెనని ఇప్పుడు తోచుచున్నది. కౌటిల్యుని అర్థశాస్త్రమున రథాధ్యక్షుడను అధికారికి ప్రత్యేకముగ ఒక ప్రకరణమే కలదు. దేవరథము, సాంగ్రామికము మున్నగు రథభేదములు అందు చెప్పబడినవి. రథములు సిద్ధముగ నుండవలెనన్నచో వానిని కనిపెట్టుకొని యుండు మనుష్యుడు కావలెనని మన పూర్వులు ఎరుగుదురు.

ఇక ఐగుప్తు దేశపు సంగతి యొకటి వినుడు. 1922వ సంవత్సరమున హోవర్డు కార్టరు అను ఆంగ్లేయుడు తూతన్‌ఖామెన్ అను రాజు సమాధిని కనుగొనెను. అందు ఆరు రథములు బయల్పడినవి. కొయ్యపై తాపిన బంగారు రేకు మూడువేల యేండ్లకు పైగా గడచినను మెరయుచునే యుండెను. తోలుసామాను మాత్రము తేమకు చెడి, కరగి, నల్లని జిగురువలె నయ్యెను. వెలుపలి బంగారము నిలిచెను. లోపలి తోలు నిలువలేదు. నేటికిని ఈ పనివారికి ఎక్కువ జాగ్రత్త కావలసినది బండి లోపలి తోలు, గుడ్డ విషయముననే.

పిమ్మట ఐరోపా ఖండమున గుఱ్ఱపుబగ్గీల కాలము వచ్చెను. 1762లో ఇంగ్లండు రాజగు మూడవ జార్జి నిమిత్తము నిర్మింపబడిన స్వర్ణశకటము సుమారు నాలుగు టన్నుల బరువు గలది. దాని పలకలపై చిప్రియాని అను ఇటలీదేశపు చిత్రకారుడు బొమ్మలు వ్రాసెను. 2023లో మూడవ చార్లెసు పట్టాభిషేకమునకును ఆ బండియే బయలుదేరినది. రెండువందల అరువది యేండ్లు ఒక కొయ్యబండి నిలిచినదన్నచో దానిని చేసిన వారి నేర్పు ఎంతయో, తరతరములుగ తుడిచి కాపాడిన వారి నేర్పును అంతయే. చిత్రకారుని పేరు మనకు తెలియును. తుడిచినవారి పేళ్లు తెలియవు.

ఆనాటి బగ్గీకి రంగు వేయుట వారముల తరబడి సాగు పని. మొదట సఫేదా కలిపిన అడుగుపూతలు, వానిపై సందులు పూడ్చు పూతలు, వానిపై రంగు, అన్నిటికిని పైన వార్నీషు. ఒక్కొక్క పూత ఆరిన తరువాత నీటితోను, అగ్నిపర్వతములందు దొరకు నురుగురాతితోను అరగదీసి నునుపు చేసి, మరల మరియొక పూత వేయుచుండిరి. పదునైదు, ఇరువది పూతలు సామాన్యము. వార్నీషన్నది అవిసెనూనెలో చెట్ల బంకలను కాచి, టర్పెంటైను కలిపి చేసినది. అది ఆరుచుండగా ధూళికణము ఒక్కటి పడినను పని చెడును గనుక, వార్నీషు వేయు గది నేలపై నీరు చల్లి, తలుపులు మూసికొని పని చేయుచుండిరి.

ఇంత శ్రమపడి వేసిన పూతను కాపాడు భారము బగ్గీ తోలు వానిపై నుండెను. దారిలో అంటిన బురదను ఎండనీయరాదు. ఎండిన బురదను పొడిగుడ్డతో రుద్దరాదు. నీరు ధారాళముగ పోసి నానబెట్టి జార్చవలెను. ఎండలో కడుగరాదు. సముద్రపు స్పంజితో కడిగి, మెత్తని తోలుతో తడి యద్దవలెను. బండిని గుఱ్ఱపుశాలలో నిలుపరాదు; ఏలయన గుఱ్ఱపు మూత్రము నుండి వెలువడు ఘాటైన ఆవిరికి వార్నీషు మసకబారును. ఈ విధులలో తుదిదానిని విడిచినచో, తక్కినవన్నియు నేటి మోటారుబండికి అక్షరాల వర్తించును. సాధనములు మారినవి గాని సూత్రములు మారలేదు.

ఈ మెరుపు వెనుక ఒక దుఃఖమును కలదు. సఫేదా యనగా తెల్లని సీసపు పొడి. సీసము కలిసిన పూతలను పొడిగా అరగదీయునపుడు లేచు ధూళి పనివాని ఊపిరిలోనికి పోయెడిది. కడుపునొప్పి, చేతుల నిస్త్రాణ, పాలిపోయిన ముఖము, ఇవి రంగుపనివారికి వచ్చు వ్యాధి చిహ్నములు. ఇటలీదేశపు వైద్యుడు రామత్సీని 1700లో వృత్తుల వలన కలుగు రోగములను గూర్చి వ్రాసిన గ్రంథమున చిత్రకారుల వ్యాధులను కూడ వర్ణించెను. అయినను రెండువందల యేండ్లకు పైగా ఆ ధూళి అట్లే లేచుచుండెను. 1921లో అమెరికాదేశమున ఫ్రాన్సిసు ఓకీ అనునతడు కల్పించిన, నీటిలో తడిపినను చెడని గరుకుకాగితము ‘వెటార్డ్రై’ యను పేర విపణిలోనికి వచ్చెను. తడిపి రుద్దినచో ధూళి లేవదు. నునుపును ఎక్కువ వచ్చును. ఒక కాగితపుముక్క అటు బండికిని ఇటు మనుష్యుని ఊపిరికిని మేలు చేసినది.

మోటారుబండ్లు పుట్టిన తొలినాళ్లలో వానికిని బగ్గీల వార్నీషునే వేయుచుండిరి. మన ప్రాంతమున దీనికి ఒక దృష్టాంతము కలదు. హైదరాబాదు ఆరవ నిజాము మహబూబ్ అలీ ఖాన్ 1911లో రోల్సురాయిసు సంస్థకు ఒక బండిని కోరి వ్రాయించెను. లోపల సింహాసనమువంటి ఆసనము, పైన గుమ్మటము, వెలుపల పసుపువన్నె. ఆ సంవత్సరముననే ఆయన దివంగతుడయ్యెను. బండి 1912లో సిద్ధమై, ఏడవ నిజాము కాలమున ఉత్సవములకు మాత్రము బయలుదేరుచుండెను. అన్ని యేండ్లలోను అది నడచినది కొలది వందల మైళ్లే. అయినను చిరకాలము కదలక పడియుండుటచే అది పాడై, మరల బాగుచేయవలసి వచ్చెను. నేడు చౌమహల్లా ప్రాసాదమున ఎవరైనను దానిని చూడవచ్చును. నడచిన బండియే అరుగునని మన మనుకొందుము. నడవని బండియు చెడునని ఆ పసుపుబండి చెప్పుచున్నది.

వార్నీషు వేసిన మోటారుబండి ఆరుటకు రెండు మొదలు నాలుగు వారములు పట్టుచుండెను. కర్మాగారమున దినమునకు వందల కొలది బండ్లు తయారగుచుండగా, ఆరుటకై వానిని నిలుపు చోటెక్కడ? మొదటి ప్రపంచ సంగ్రామానంతరము డ్యూపాంటు సంస్థవారు, జనరల్ మోటార్సు వారితో కూడి, ఈ చిక్కును విడదీసిరి. పత్తిని ఆమ్లములతో కలిపి తయారుచేసిన పదార్థమును ద్రావకములందు కరగించి ‘డ్యూకో’ యను రంగు చేసిరి. తుపాకిమందునకును ఇదే జాతి పత్తి వాడబడుచుండెను. 1924 నమూనాగా వెలువడిన ఓక్‌లాండు బండికి ఈ రంగును నీలివన్నెలో మొట్టమొదట వేసిరి. వారములు పట్టిన పని గంటలలోనికి దిగినది. రంగులు పెరిగినవి, ధర తగ్గినది. ఒకే బండికి రెండు వన్నెలు వేయు వేడుక ప్రబలినది. ఆ వన్నెల నడుమ గీత చెదరకుండుటకై 1925లో రిచర్డు డ్రూ అనునతడు అంటించి తీయదగిన కాగితపుపట్టీని కల్పించెను. ఈనాడు మన పిల్లలు పుస్తకములకు అంటించు పట్టీలకు అది పెద్దన్నవంటిది.

అయితే ఈ పత్తిరంగునకు ఒక లోపముండెను. అది కొంతకాలమునకు ఎండకు మసకబారును. అప్పుడు మెత్తని పొడి కలిసిన లేహ్యముతో రుద్దినచో పై పొర కొంచెము పోయి క్రింది పొర మెరయును. బండిని కడుగుట యొక పని, మెరుగుపెట్టుట మరియొక పని అయినది ఇట్లే. మెరుగుపెట్టిన పిదప రక్షణకై మైనము పూయుదురు. అందు శ్రేష్ఠమైనది కార్నూబా మైనము. బ్రెజిలు దేశపు ఈశాన్య భాగమున మన తాటిచెట్టువలె విసనకఱ్ఱ ఆకులు గల యొక చెట్టు కలదు. ఆ మండుటెండలలో తన యాకుల నీరు ఇగిరిపోకుండ అది యాకులకు మైనపుపూత పూసికొనును. అచ్చటి కూలివారు ఆకులు కోసి, ఎండబెట్టి, కొట్టి, రాలిన పొడిని కరగింతురు. తేనెపట్టు మైనము సుమారు 63 డిగ్రీల వేడికే కరగును. ఇది 80 డిగ్రీలు దాటినగాని కరగదు. అందుచే ఎండలో నిలిచిన బండిపై చెదరక నిలుచును. ఒక చెట్టు తన ప్రాణరక్షణకు చేసికొన్నది మనుష్యుని బండికి అలంకారమైనది.

ఇది వెలుపలి కథ. లోపలి శుభ్రతకు 1901లో మార్గము ఏర్పడెను. ఆ యేట హ్యూబర్టు సెసిలు బూతు అను ఆంగ్లేయుడు ధూళిని పీల్చు యంత్రమును నిర్మించెను. అంతకుముందు ధూళిని చాలవరకు దులుపుటయే గాని, పూర్తిగ తీసివేయు ఉపాయము అరుదుగ నుండెను. దులిపిన ధూళి లేచి మరల అచ్చటనే వ్రాలును. బూతుగారి యంత్రము ఎంత పెద్దదనగా, దానిని గుఱ్ఱపుబండిపై తెచ్చి వీథిలో నిలిపి, గొట్టములను కిటికీలగుండ ఇండ్లలోనికి పంపుచుండిరి. నేడు అది చేతిసంచి యంత మాత్రమై, కారు పీఠముల సందులలో దూరుచున్నది.

ఇక నేటి స్థితి. 1980వ దశాబ్దము నుండి చాలవరకు బండ్లకు రంగుపై రంగులేని పారదర్శకమగు పూత నొకదానిని వేయుచున్నారు. ఎండయు వానయు ముందుగా తగులునది దానికే. కర్మాగారమున వేయు పూతలన్నియు కలిసి సామాన్యముగ ఒక మిల్లీమీటరులో పదవ వంతునకు కొంచెము ఎక్కువ. అందు పై పారదర్శకపు పూత మిల్లీమీటరులో ఇరువదియైదవ వంతునకు అటునిటు. మనము మెరుపు అనునది దాని నునుపే. నునుపైన తలము వెలుగును ఒక్క దిక్కునకే మరల్చును, అద్దమువలె. గీతలు పడిన తలము వెలుగును నలుదెసల చెదరగొట్టును. అందుచే మసకగా కనబడును. గీత పోవలెనన్నచో దాని లోతువరకు చుట్టునున్న పూతను అరగదీయవలెను. వేరు మార్గము లేదు. మెరుగుపెట్టుట యనగా క్రొత్తగా చేర్చుట కాదు, ఉన్నదానిలో కొంత తీసివేయుట. తీసివేసినది మరల రాదు.

మా శిష్యుని దుకాణమున నేను రెండు దినములు కూర్చుండి ఈ పనిని చూచితిని. మొదట నీటిధారతో మట్టిని జార్చెను. పిదప రెండు బకెట్లు పెట్టెను. ఒకదానియందు సబ్బునీరు, రెండవదానియందు మంచినీరు. గుడ్డను ప్రతిమారును మంచినీట జాడించి గాని సబ్బునీట ముంచడు. లేనిచో రేకు నుండి తీసిన యిసుకనే మరల రేకునకు రుద్దినట్లగును. పైనుండి క్రిందికి కడుగును. చక్రములకు వేరు గుడ్డ. లోపల మొదట ధూళిని పీల్చి, పిదప సందులను చిన్న కుంచెతో తుడిచి, తోలును కొలదితడి గుడ్డతో అద్ది, ఆరనిచ్చి, అది పగులకుండ లేపనము పూసెను. ఎక్కడను తొందర లేదు. మేము పాఠశాలలో వేదమువలె వల్లించిన క్రమము అనునది అతని చేతులలో కనబడినది.

తుదకు నా గీతలవంతు వచ్చినది. అతడు ఒక చిన్న సాధనమును రేకుపై అచ్చటచ్చట ఆనించి పూత మందమును కొలిచెను. తిరుగు యంత్రమునకు మెత్తని దిండు తొడిగి, కొంచెము కొంచెముగ రుద్దుచు, మాటిమాటికిని ఆపి దీపము పట్టి చూచుచుండెను. వలయములు చాలవరకు పోయినవి. మూడు గీతలు మాత్రము మిగిలెను. నేను ఆత్రముతో, “ఇంకొంచెము రుద్దుము, అవియును పోవును” అంటిని. అతడు యంత్రము ఆపి, “పోతాయండీ. కానీ వాటితోపాటు పూతా పోతుంది. రెండేళ్లలో రేకు పొరలు పొరలుగా లేస్తుంది. ఆ మూడూ ఉండనివ్వండి మాష్టారూ” అనెను. ధనమిచ్చువాడు అడిగినను, గురువు అడిగినను, చేయదగని పని చేయననుట నేర్చినవాడు పండితుడు. ఆ దినమున మా యిద్దరిలో పండితుడెవరో నాకు బోధపడినది.

పురాతన వాహనములను సేకరించువారును ఈ సంగతిని ఆలస్యముగనే గ్రహించిరి. పాత బండిని క్రొత్తదానికంటె క్రొత్తగా మెరయునట్లు చేసి బహుమానములు పొందుట చాలకాలము గొప్పగా నుండెను. ఇటీవలి దశాబ్దములలో, మొదటి రంగును మొదటి తోలును చెరుపక, వెలిసిన వన్నెతోనే కాపాడిన బండ్లకును ప్రదర్శనములందు ప్రత్యేక గౌరవము లభించుచున్నది. మరల రంగు వేయుట ఎన్నిమారులైనను సాధ్యమే. మొదటి రంగు మాత్రము ఒక్కమారే ఉండును.

పెద్దలారా, మన యెడ్లబండికి రంగు లేకపోయినను కందెన తప్పినది కాదు. ఇరుసు ఎండెనా బండి మొరపెట్టును. రైతు ఆ మొరను విని దిగి కందెన పెట్టును. మోటారుబండి అట్లు మొరపెట్టదు. మౌనముగ అరుగును. గనుక మీ యిండ్లలో పిల్లలు కారు తెచ్చినపుడు నా యీ నాలుగు మాటలు జ్ఞాపకముంచుకొనుడు. నీడపట్టున కడుగుడు. పక్షిరెట్టను తడిగుడ్డ కప్పి నానబెట్టి తీయుడు, ఆలస్యము చేయకుడు. బూడిదను, పీచును ఇత్తడికే విడువుడు. పొడిగుడ్డతో ధూళిని తుడువకుడు.

ఇంకొక్క మాట చెప్పి ముగించెదను. బండి తీసికొని వచ్చునపుడు, ఉండబట్టలేక అతనిని అడిగితిని: “నాయనా, తొమ్మిదవ తరగతిలో నిన్ను నేనొక మాట అంటిని, నీకు జ్ఞాపకమున్నదా?” అతడు గుడ్డ మడచుచు, తల యెత్తక, “గుర్తుందండి” అనెను. మరేమియు అనలేదు. నేను క్షమింపుమని అడిగితిని. అతడు చేతులు జోడించి, “అంత మాట వద్దండీ” అనెను. కారు ఇంటికి వచ్చినది. ఎండపొడలో ఆ మూడు గీతలును నేటికిని కనబడుచున్నవి. వానిని చూచినపుడెల్ల నాకు కారు జ్ఞాపకము రాదు. ఆ తరగతిగది జ్ఞాపకము వచ్చును.

శుభమస్తు.